చేతిచేప

ఒలింతుకి విమానమంటే భయమట.

మలాంజా రేవులో ఈ మాట పుట్టించింది చేపలు పొగబెట్టి అమ్మే గ్రెగోరియా అని అందరూ అంటారు. ఆమె మాత్రం తను విన్నదే చెప్పానంటుంది, ఎవరి దగ్గర విన్నదో చెప్పదు. ఆమె నెనేకి చెప్పింది. నెనే చేపల బేసిను నెత్తికెత్తుకుని ట్రక్కు కోసం పోతూ దారిపొడుగునా చెప్పింది. వాగు దగ్గర బట్టలుతికే ఆడవాళ్ళ దాకా వచ్చేసరికి అదిలా తయారైంది: సొరచేప వల్లో పడితే తోక పట్టుకుని దోనెలోకి లాగిన మగాడు, విమానం మెట్లు తలుచుకుని మూడు రోజులు అన్నం ముట్టలేదట. మేరీమాత పటం ముందు కొవ్వొత్తి వెలిగించాడట. చివరికి రాజధానికి పోయి, పడవ పోటీ జట్టులోంచి నా పేరు కొట్టేయండి బాబూ అని క్రీడల కమిటీవాళ్ళ కాళ్ళ మీద పడ్డాడట.

"తను మానేసి మేనకోడల్ని తోలేస్తున్నాడు. అదేమో పోయే దిక్కుకి వీపు పెట్టి పడవ నడుపుతాదంట. చూశారా ఎక్కడైనా?" అందొకతె, పక్కనే ఆ మేనకోడలు దియొలిందా ఉందని చూసుకోకుండా. చూసుకున్నాక కూడా ఆగలేదు. "నిజమేనా పిల్లా? వెనకేముందో చూడకుండా ఎలా పోతావే?"

"వెనకున్నోళ్ళు ఏమనుకుంటున్నారో కనిపిస్తాదిలే వదినా" అంది దియొలిందా, తడి చొక్కా మెలిపెట్టి పిండుతూ.

నవ్వారు. అంతలో రేవు వైపునుంచి కేక వచ్చింది.

"చెయ్యెయ్యండోయ్!"

ఆ కేక వింటే మలాంజాలో ఎక్కడి పని అక్కడే ఆగుతుంది. వాగులో సబ్బు నురగ అలాగే ఉంది, ఆడవాళ్ళంతా ఇసుకలో పరిగెత్తారు. సీమపనస కాలుస్తున్నవాడు పరిగెత్తాడు. దోనె ఎవరిదని ఎవరూ అడగరు. అల తెచ్చిన ఊపు పోకముందే అంచు పట్టుకోవాలి, దుంగల మీదికి ఎక్కించాలి, ఒక్క గొంతుతో ఊగుతూ ఒడ్డుకి తోయాలి. దోనె ఇసుకలో కుదురుకున్నాక దాని యజమాని చెయ్యి వేసిన ప్రతివాడి కాళ్ళ ముందూ ఒక చేప వేస్తాడు. అదే చేతిచేప. పగవాడు చెయ్యి వేసినా వేస్తారు. వెయ్యనివాడు ఫాదరైనా సరే, వెయ్యరు. కమిటీ జీపు రేవుకి వచ్చిన రోజు మాత్రం ఈ పద్ధతి పక్కన పెట్టి, జీపులో ఉన్న ఐసుపెట్టె నింపి పంపుతారు. పోటీ పడవ వాళ్ళ చేతిలో ఉంది మరి.

ఈ పూట వచ్చింది గ్రెగోరియా దోనె. ఆమె తమ్ముడు దానిమీద వేటకి పోతాడు. గ్రెగోరియా లంగా మోకాళ్ళ పైకి దోపుకుని, ఎగిరే చేపల్ని తోకలు పట్టి ఏరి వేస్తూ వచ్చింది. దియొలిందా ముందు రెండు వేసింది.

"ఒకటి మీ మావయ్యకి" అంది, మొహం చూడకుండా.

ఒలింతు రేవు చివర, తాటాకు పందిరి కింద, కొత్త దోనె చెక్కుతున్నాడు. మాను కడుపులో కూర్చుని బాడిసతో చిన్న చిన్న దెబ్బలు వేస్తున్నాడు. ప్రతి నాలుగు దెబ్బలకీ బొటనవేలితో గోడ మందం తడిమి చూసుకుంటున్నాడు. దియొలిందా చేపలు చివ్వకి గుచ్చి పందిరి గుంజకి తగిలించింది.

"భయమంట కదా నీకు."

"భయమే."

"నాతో అబద్ధం ఆడతావేంటి మావయ్యా?"

అతను ఊది పొట్టు తీశాడు. "నా బదులు పడవ పట్టడానికి ఎవరొస్తున్నారు?"

"కమిటీ అబీలియు సార్ భార్య. ఆమె తమ్ముడు."

బాడిస ఒక దెబ్బ సేపు గాల్లో ఆగింది. "సరే. నేర్పు వాళ్ళకి. సముద్రానికి వీపు చూపించొద్దని చెప్పు. మిగతాది నువ్వు చూసుకో. మొదటి నలుగురిలో నిలబడ్డావంటే పడవ మనది."

రేవంతా వింటుండగా అబీలియు ఇచ్చిన మాట అది. దేశం మొత్తానికి ఉన్న ఒకే ఒక్క పోటీ పడవ, బయటివాళ్ళు దానంగా ఇచ్చింది, రాజధానిలో కమిటీ షెడ్డులో తాళం వేసి ఉంది. పదిహేను రోజులకోసారి దియొలిందా కోకో బస్తాల ట్రక్కెక్కి పోయి, తాళంచెవి ఉన్నవాడి కోసం మధ్యాహ్నం దాకా కూర్చుని, ఒక గంట నడిపి వచ్చేది. మలాంజాలో తెడ్డు పట్టగల ఆడపిల్లలు ఇంకో ఆరుగురున్నారు. పడవ ఇక్కడికి వస్తే వాళ్ళకి ట్రక్కు అక్కర్లేదు, తాళంచెవి అక్కర్లేదు.

"నువ్వుంటే..." అని ఆగిపోయింది.

"వాన వస్తాది. బట్టలు తీసుకో పో" అన్నాడు ఒలింతు.

*

రెండు విమానాలు మారి, పోటీ జరిగే సాల్ దీవిలో దిగారు. మొత్తం ఏడుగురు. ఆడేవాళ్ళు ముగ్గురు: దియొలిందా, ఇసుక వాలీబాల్ ఆడే ఇద్దరు పిల్లలు. మిగతా నలుగురూ పెద్దలు: జట్టు నాయకుడు అబీలియు, అతని భార్య ఇవోని, ఆమె తమ్ముడు వాల్డెమార్, చిన్న సంచితో వచ్చి వైద్యుడినని చెప్పుకుంటున్న ఒకాయన. ఆ సంచిలోంచి అతను తీయగా ఎవరైనా చూసింది గోళ్ళు కత్తిరించే కత్తెరొక్కటే.

ముగ్గురు పిల్లలకీ కలిపి వంటగది వెనక ఒక గది ఇచ్చారు. కిటికీ తెరిస్తే చెత్తడబ్బాలు. ఇవోనికి సముద్రం కనబడే గది దొరికింది. ఉదయం పలహారానికి ఆమె దేశం రంగుల చొక్కా వేసుకుని దిగింది. వీపు మీద 'పడవ జట్టు' అని ఉంది.

"మేడమ్, అది నాదనుకుంటా" అంది దియొలిందా. ఆమెకి ఇచ్చినది మోకాళ్ళ దాకా వేలాడే మగవాళ్ళ కొలత.

"అలాగా? నాకు సరిగ్గా సరిపోయిందమ్మాయ్. నువ్వెలాగూ నీళ్ళల్లో తడిపేస్తావు కదా!" అని ఇవోని, వేయించిన గుడ్డు మీద ఉప్పు చల్లుకుంది.

సాంతా మరియా తీరం పొడుగునా జెండాలు కట్టారు. జెండాలకి అవతల పాత చెక్క వంతెన. దాని మీద బెస్తలు ట్యూనా అనే సూరచేపల్ని దించి అక్కడే కోస్తున్నారు. ఆ వాసన ముక్కుకి తగిలేసరికి దియొలిందాకి రెండు రోజులుగా బిగుసుకున్న మెడ సడలింది. వంతెన మీద ఒక లావుపాటి ఆవిడ రబ్బరు బూట్లతో నిలబడి, సూరచేప తల మెడ దగ్గర ఒక్క పోటుతో ఊడదీసింది.

"ఎవరి పిల్లవి నువ్వు?" అని అడిగింది. పోర్చుగీసే, కాకపోతే మాట చివర్లు మింగే యాస.

"సావ్ తొమే దేశం."

"పడవ పోటీకా? వెనక్కి కూర్చుని లాగుతారే, అదా?"

"అదే అత్తా."

"ఛీ, అదేం పడవే!" అని నవ్వి, నెత్తుటి చేత్తోనే సూరచేప కడుపు ముక్క ఒకటి తెంచి ఆమె నోటి దగ్గర పెట్టింది. "తిను. సన్నగా ఉన్నావు. రేపు చూడ్డానికి వస్తాంలే." ఆమె పేరు బిబియానా.

మధ్యాహ్నం దియొలిందా పడవ పట్టేవాళ్ళకి పని నేర్పింది. పని చెప్పుకోవడానికి చిన్నదే. పోటీ మొదలవగానే ఆమె ఇసుకలో పరిగెత్తుకుంటూ వస్తుంది. ఆ లోపల ఇద్దరూ నడుంలోతు నీళ్ళలో నిలబడి, పడవ ముక్కు సముద్రం వైపు ఉండేలా చెరో పక్కా పట్టుకోవాలి. ఆమె ఎక్కగానే వదలాలి. ఆమె నీళ్ళ మీద తేలే గుర్తులు, మూడు బోయాలు, చుట్టి తిరిగొచ్చేటప్పుడు, అల మీద వస్తున్న పడవని పట్టి నిలపాలి. ఆమె దూకి, ఒడ్డున ఉన్న గంట మీట నొక్కితే పోటీ అయిపోయినట్టు. ఆ ఇద్దరు తప్ప ఇంకెవరూ పడవని ముట్టుకోకూడదు.

ఇవోని తెల్ల గుడ్డ బూట్లతో దిగింది.

"బూట్లు తీసేయండి మేడమ్."

"గవ్వలు గుచ్చుకుంటాయి."

వాల్డెమార్ మెడలో ఫోను వేలాడుతోంది. పడవని ఒక చేత్తో పట్టుకుని, రెండో చేత్తో తన మొహాన్నే తీసుకుంటున్నాడు. ఇద్దరూ ఒడ్డు వైపు తిరిగి నిలబడ్డారు.

"సముద్రానికి వీపు పెట్టకండి. వచ్చే అల మీకు కనిపించాలి."

"అటు తిరిగితే ఎండ కళ్ళల్లో పడుతోంది" అంది ఇవోని. "ఎంతసేపు నిలబడాలి ఇలా? మా ఆయన కూర్చోవడమే పని అన్నారు."

దియొలిందా ఆమె చేతుల్ని తీసి పడవ అంచున ఎక్కడ పెట్టాలో పెట్టింది. మెత్తటి, చల్లటి చేతులు, వేళ్ళకి ఊదారంగు పూత. ఆ వేళ్ళు పడవని పట్టుకున్నట్టు లేవు. సంతలో నచ్చని గుడ్డని పట్టి చూస్తున్నట్టున్నాయి. వదిలేసి తన అరచేతుల్ని తుండుకి తుడుచుకుంది దియొలిందా. ఎందుకు తుడుచుకుందో తనకే తెలియలేదు.

తొలిరోజు ఒక్కొక్కరినే కాలం కొలిచి వదిలారు. సముద్రం పాలగిన్నెలా ఉంది. దియొలిందా పన్నెండు మందిలో ఏడోదిగా వచ్చింది. మొదటి ఎనిమిదిమంది రెండో రోజుకి మిగులుతారు. రెండో రోజు ఇద్దరేసి తలపడాలి. ఒక్క పందెం గెలిస్తే చాలు, మొదటి నలుగురిలో ఉన్నట్టే. పడవ మలాంజాకి వచ్చినట్టే.

"మనం గెలిచాం!" అని ఇవోని ఫోనులో ఎవరికో చెబుతోంది. "ఆఁ, నీళ్ళల్లోనే నిలబడ్డాను. చచ్చిపోయాననుకో."

*

రెండో రోజు గాలి మళ్ళింది. దక్షిణం నుంచి బరువైన అలలు, ఒడ్డుకి దగ్గరగా వచ్చి ఒక్కసారిగా విరుచుకుపడేవి. దియొలిందా పొద్దున్నే వచ్చి ఇసుకలో గొంతుక్కూర్చుని లెక్కపెట్టింది. ఐదు చిన్నవి, రెండు పెద్దవి, మళ్ళీ కాసేపు చదును. ఇంటి దగ్గర లాగే. ఇది మంచిదే అనుకుంది. తనతో తలపడే సెనెగల్ పిల్ల భుజాలు తనకంటే వెడల్పు, కానీ ఆమె అలల్ని చూడ్డం లేదు, గడియారాన్ని చూసుకుంటోంది.

తాళ్ళకి అవతల బిబియానా, వంతెన మీది మరో పదిమంది, రబ్బరు బూట్లతోనే వచ్చి నిలబడ్డారు. పక్కనే నీడలో కూర్చున్న పెద్దమనుషులు ముక్కులకి రుమాళ్ళు అడ్డం పెట్టుకున్నారు.

ఈల మోగింది.

పరిగెత్తింది. పడవ ముక్కు పక్కకి తిరిగి ఉంది. వాల్డెమార్ ఒక్కడే పట్టుకున్నాడు, ఇవోని చొక్కా తడవకుండా పైకి పట్టుకుని ఉంది. దియొలిందా ఎక్కుతూనే ఎడం తెడ్డుతో ఒక్క తోపు తోసి ముక్కు సరిచేసుకుంది. చదును సమయం దొరికింది. కాళ్ళు తన్ని, వీపు వాల్చి, మోచేతులు వెనక్కి. తెడ్డు నీళ్ళలోంచి లేచినప్పుడు కారే చుక్కల వరుస చూస్తే చాలు, పడవ నిటారుగా పోతోందో లేదో తెలిసిపోతుంది. మొదటి బోయా. రెండోది. మూడోదాని దగ్గర సెనెగల్ పిల్ల వెడల్పుగా తిరిగింది. దియొలిందా బోయాని భుజంతో రాసుకుంటూ తిరిగింది. తిరుగుదారిలో రెండు పడవల పొడుగు ముందుంది.

వెనక్కి కూర్చున్న మనిషికి వచ్చే అల కనిపిస్తుంది, ఒడ్డు కనిపించదు. పెద్ద అలల్లో మొదటిది లేవడం చూసింది. దాన్ని ఎక్కాలి, ఎక్కితే గెలిచినట్టే. ఎక్కింది. పడవ కిందినుంచి సముద్రమంతా ఎత్తి విసిరినట్టు దూసుకొచ్చింది.

"పట్టుకోండి!" అని అరుస్తూ తల తిప్పి చూసింది.

వాల్డెమార్ ఫోను రెండు చేతుల్తో ఎత్తి పట్టుకుని, గెలుపు ఫోటో తీస్తున్నాడు. ఇవోని ఒడ్డుకి పరిగెడుతోంది. ఒక కాలికే బూటు ఉంది. రెండో బూటు నీళ్ళలో తేలుతుంటే దాన్ని అందుకోబోయి, పడవ మీదికొస్తోందని చూసి, కెవ్వుమని వీపు తిప్పేసింది.

పడవ ఇసుకలో ముక్కు గుచ్చుకుని అడ్డంగా తిరిగింది. రెండో అల వచ్చి దాన్ని ఎత్తి దియొలిందా మీద బోర్లించింది. నీళ్ళ కింద చీకటి, నోట్లో ఇసుక, తొడ మీద తెడ్డు ఆనే ఇనప కొక్కెం బరువు. తల బయటపెట్టగానే ఆమె గొంతులోంచి వచ్చిన మాట ఆమె ఆలోచించి అన్నది కాదు. పుట్టిన దగ్గర్నుంచి ఒంట్లో ఉన్న మాట.

"చెయ్యెయ్యండోయ్!"

తాళ్ళకి అవతల రబ్బరు బూట్లు కదిలాయి. ఎవరూ ఎవరినీ అడగలేదు. బిబియానా తాడు కిందనుంచి దూరింది, మిగతావాళ్ళు దాటి దూకారు. ఇరవైకి పైగా చేతులు పడవ అంచు మీద పడ్డాయి. ఒక్క గొంతుతో ఊపి, ఆమె కాలు మీదినుంచి దాన్ని తేల్చేశారు. దియొలిందా కుంటుతూ పరిగెత్తింది. మీట మీద అరచెయ్యి పడేసరికి సెనెగల్ పిల్ల ఇంకా నీళ్ళలోనే ఉంది.

జనం అరిచారు. ఆ అరుపు ఆగకముందే, ఆ గెలుపు చెల్లదని ఎర్రజెండా లేచింది.

*

"పిలిచింది, వచ్చాం" అంటోంది బిబియానా, న్యాయనిర్ణేతల బల్ల ముందు నిలబడి. ఒంటినిండా నీళ్ళు కారుతున్నాయి. "పడవ కింద మనిషి పడి పిలిస్తే రాకుండా నిలబడతామా? మనుషులమా, కొయ్యలమా?"

"నిబంధన ఉందమ్మా" అన్నాడు బల్ల వెనకాయన, మర్యాదగానే.

"ఆ పట్టుకోవాల్సిన ఇద్దరూ పారిపోయారు కదయ్యా! దానికి లేదా నిబంధన?"

ఆయన కాగితం వైపు చూశాడు. దానికి లేదు.

దియొలిందా తొడకి ఐసుముక్క పెట్టుకుని ఇసుకలో కూర్చుంది. ఐసు ఇచ్చింది వంతెన మీదివాళ్ళు, వైద్యుడు కనిపించలేదు. వెనక ఇవోని గొంతు వినిపిస్తోంది. "నేను పట్టుకునేదాన్నే. ఈ చేపల వాసన మనుషులు మీద పడిపోయారు. ఛీ! చూడు, చొక్కాకి పొలుసులు అంటుకున్నాయి." తడి బూటు ఎండలో పెట్టి, దానిలోంచి ఇసుక దులుపుతోంది. బూటు దొరికింది.

సాయంత్రం ఎండ ఉండగానే అబీలియు ఆమెని భోజనాల గదికి పిలిపించాడు. రొయ్యలు తింటున్నాడు. తలలు పీల్చి, పీల్చినవి పళ్ళెం అంచు చుట్టూ వరసగా పెడుతున్నాడు.

"కూర్చో అమ్మాయ్. కాలు ఎలా ఉంది? బాగా ఆడావు. నేనందరికీ చెబుతున్నాను, బాగా ఆడిందని." వేళ్ళు నాకి, పక్కనున్న కాగితం తోశాడు. "ఇది చిన్న విషయం. పోటీవాళ్ళు వివరణ అడిగారు. పడవ పట్టేవాళ్ళు తమ చోట్లోనే ఉన్నారనీ, నువ్వే కంగారుపడి బయటివాళ్ళని పిలిచావనీ రాశాం."

"వాళ్ళు తమ చోట్లో లేరు కదా సార్."

"నువ్వు నీళ్ళ కిందున్నావు. నీకేం కనిపించింది?" కోపం లేకుండానే అన్నాడు, పిల్లకి లెక్క చెప్పినట్టు. "చూడు, పనిరానివాళ్ళని తెచ్చామని తేలితే మనని రెండేళ్ళు రానివ్వరు. దానం ఇచ్చినవాళ్ళు పడవ వెనక్కి లాక్కుంటారు. అది నీకిష్టమా? నువ్వు దీనిమీద సంతకం పెట్టు. నలుగురిలో నిలబడకపోయినా పడవ మలాంజాకే పంపిస్తాను. ఎవరికీ చెప్పకు. ఇంకో ఊరివాళ్ళు అడ్డుపడతారు. నీకూ నాకూ మధ్య మాట."

ఆమె రొయ్య తలల్ని చూస్తోంది. నల్లటి కళ్ళు అన్నీ బయటికే తిరిగి ఉన్నాయి. ఇంటి దగ్గర ఆరుగురు పిల్లలు దోనెలో కూర్చుని, వెనక్కి తిరిగి లాగడం ఉత్తినే అలవాటు చేసుకుంటున్నారు, నవ్వుకుంటూ.

"కలం ఉందా సార్?"

చొక్కా జేబులోంచి తీసిచ్చాడు. దానికి రొయ్యల జిడ్డు అంటుకుంది. అరచేతిలో పొక్కు చిట్లి ఉండటంతో అక్షరాలు వంకరపోయాయి. సంతకం అయ్యాక అతను కలం తీసుకుని, రుమాలుతో శుభ్రంగా తుడిచి జేబులో పెట్టుకున్నాడు. ఆమె పట్టుకున్న చోటే తుడిచాడు.

బయటికొచ్చి గోడ పక్కన ఇసుకతో వేళ్ళు తోముకుంది. జిడ్డు పోలేదు.

*

ఒలింతు గెలిచావా అని అడగలేదు. అప్పటికే రేవంతా తెలుసు. కొత్త దోనె లోపలి గోడకి చేపనూనె పట్టిస్తూ, "అల ఎటునుంచి వచ్చింది?" అని మాత్రం అడిగాడు.

"దక్షిణం. రెండు పెద్దవి, ఒకదాని వెనకొకటి."

"మొదటిది ఎక్కావా?"

"ఎక్కాను."

"ఎక్కాల్సిందే" అన్నాడు. మళ్ళీ గుడ్డ నూనెలో ముంచి, "కేక వేశావంట కదా."

"వేశాను."

"వచ్చారా?"

"అందరూ వచ్చారు మావయ్యా."

నూనె గుడ్డ ఆపి, తల అటు తిప్పుకున్నాడు. కాగితం సంగతి ఆమె చెప్పలేదు. పడవ వచ్చిన రోజున అతనే చూస్తాడు, అప్పుడు చెప్పొచ్చు అనుకుంది. అనుకున్నప్పుడల్లా ఆ కలం జిడ్డు వేళ్ళకి తగిలేది.

ఆదివారం పూజ అయ్యాక జీపు వచ్చింది. వెనక పడవ లేదు. బట్ట మీద రాసిన ప్రకటనొకటి చుట్టి ఉంది, దాని పక్కన ఐసుపెట్టె. అబీలియు దిగి అందరికీ చెయ్యి ఊపాడు. ఇవోని ముందు సీట్లోనే కూర్చుని తలుపు తెరుచుకుంది, కాళ్ళు కింద పెట్టకుండా.

"దానం ఇచ్చినవాళ్ళకి ఫోటో కావాలట" అన్నాడు అబీలియు. "ఆటగత్తె తన సొంత రేవులో, తనవాళ్ళ మధ్య. ఒలింతూ, నువ్వు ఆ బాడిస పట్టుకుని పక్కన నిలబడు. బాగుంటుంది."

"పడవేది సార్?" అంది దియొలిందా.

"పడవా? అది రాజధానిలోనే... హోటలు తీరానికి మార్చాం. అక్కడ విదేశీయులు వస్తారు, చూస్తారు, దేశానికి పేరు. మలాంజాలో పెట్టడానికి షెడ్డేదీ?"

"నాకు మాటిచ్చారు కదా. సంతకం పెడితే ఎలాగైనా ఇక్కడికే పంపిస్తానన్నారు."

బట్ట విప్పుతున్న డ్రైవరు ఆగాడు. ఒలింతు బాడిస కింద పెట్టి నెమ్మదిగా లేచాడు.

"నీక్కూడానా?" అన్నాడు.

దియొలిందాకి మొదట అర్థం కాలేదు. అతని మొహం చూశాక అర్థమైంది. సొరచేపని తోక పట్టి లాగిన మనిషి మొహం కాదది. చేసిన పని పిల్లలు చూసేసినప్పటి మొహం.

"నువ్వేం సంతకం పెట్టావు మావయ్యా?"

పొగబెట్టే పొయ్యి దగ్గర్నుంచి గ్రెగోరియా వచ్చింది, చేతిలో పుల్ల అలాగే ఉంది.

"భయమని పెట్టాడు" అంది. "విమానమంటే భయం, నా చోటు నేనే వదులుకుంటున్నానని. రాజధాని నుంచి రాగానే నా పొయ్యి దగ్గర కూలబడి, అక్కా, అడిగినోళ్ళకీ అడగనోళ్ళకీ ఇదే చెప్పు, పిల్లకి అనుమానం రాకూడదు, పడవ వస్తాది అన్నాడు. నేనేమో ఊరంతా చెప్పాను. నవ్వుకుంటా చెప్పాను." పుల్ల పొయ్యిలోకి విసిరేసింది. "ఒక్క పడవని ఇద్దరికి అమ్మావా బాబూ నువ్వు?"

"అదేం మాటమ్మా! పద్ధతి ప్రకారం..." అని అబీలియు మొదలుపెట్టాడు.

"చెయ్యెయ్యండోయ్!"

నీళ్ళ మీదినుంచి కేక. గ్రెగోరియా తమ్ముడి దోనె అలల నోట్లో ఉంది, బరువుగా, అంచు మునిగేలా. ఒలింతు పరిగెత్తాడు. దియొలిందా కుంటుకుంటూ పరిగెత్తింది. ఆరుగురు పిల్లలు, నెనే, ఆదివారం బట్టల్లో ఉన్నవాళ్ళందరూ. బట్ట సగం విప్పిన డ్రైవరు అది అక్కడే పడేసి, ప్యాంటు మడుచుకునే తీరిక లేక అలాగే నీళ్ళలోకి దిగాడు. మామా మేనకోడలూ చెరో పక్కా అంచు పట్టుకున్నారు. ఒకరినొకరు చూసుకోలేదు. ఊపులో భుజాలు కలిసి కదిలాయి.

రేవులో పొడిగా మిగిలింది ఇద్దరే. అబీలియు ఎగురుతున్న బట్ట కొస మీద బూటు పెట్టి నిలబడ్డాడు. దానిమీద దియొలిందా బొమ్మ ఉంది, పక్కనే ఆ చొక్కా వేసుకుని నవ్వుతున్న ఇవోని.

చేప చాలా పడింది. గ్రెగోరియా లంగా దోపుకుని వేస్తూ వచ్చింది. దియొలిందా ముందు, ఒలింతు ముందు, పిల్లల ముందు. డ్రైవరు ముందు రెండు పెద్దవి. అతను యజమాని వైపు ఒకసారి చూసి, వంగి తీసుకున్నాడు. ఇంకా దోనె అడుగున వెండిలా మెరుస్తూ కుప్ప మిగిలే ఉంది. గ్రెగోరియా దానిమీద తడి గోనె కప్పింది.

ఇవోని ఎట్టకేలకి జీపు దిగింది. ఐసుపెట్టె మూత తీసి, ఇసుకలో మునివేళ్ళ మీద నడుస్తూ దోనె దాకా వచ్చింది.

"మా పెట్టె మర్చిపోయావా గ్రెగోరియా? ఎప్పుడూ నింపుతావు కదా!"

గ్రెగోరియా ఆమె చేతుల వైపు చూసింది. కుడిది, తర్వాత ఎడమది.

"మీ చేతులు తడవలేదమ్మా."